మూడో అంతస్తులో ఆవం

ఉత్తరం మంగళవారం వచ్చింది.
తొంభై రోజులు, అంది.
నేను చదువుతున్నంతసేపూ
సిడ్నీ రోడ్డు మీద పందొమ్మిదో నంబరు ట్రామ్
కిటికీ కింద ఆగే ఉంది,
పక్కన కూర్చుని ఓదార్చబోయి
మానుకున్న మనిషిలా.

ఒకప్పుడిది మేజోళ్ల మిల్లు.
ఇప్పటికీ చెక్క నేల సందుల్లో
అల్లిక యంత్రాల సూదులు దొరుకుతాయి.
వాన పడితే చెక్క ఉబ్బి
పైకి లేస్తాయి, చేపముళ్లలా.
నూర్తెన్ మగ్గం దిగి వచ్చి
అయస్కాంతంతో వాటిని ఏరి
జామ్ సీసాలో వేస్తుంది.
పదకొండేళ్లకి సగం సీసా.
"నిండాక వెళ్లిపోదాం అనుకున్నా" అంటుంది.

రెండో అంతస్తులో థనాసిస్ బుజూకీలు చేస్తాడు.
జిగురు ఆరేదాకా ఎవరితోనూ మాట్లాడడు.
ఉత్తరం వచ్చిన రోజు నుంచీ
అతని జిగురు ఆరడం లేదు.

లిఫ్టు పక్క గదిలో డెస్మండ్,
సీసపు అక్షరాలతో శుభలేఖలు అచ్చువేసేవాడు,
ఖాళీ చేయమన్న వాక్యాన్ని
ఒకసారి తిరగేసి పేర్చి చూశాడు.
"పర్లేదు" అన్నాడు, "అక్షరాల మధ్య కాస్త ఖాళీ వదిలితే."

నా ఆవం సంగతి వేరు.
తొంభై నాలుగులో, నాకు ముందున్న ఆవిడ
కిటికీ పీకించి క్రేన్‌తో లోపల పెట్టించిందట.
తర్వాత ఆ కిటికీని ఇటుకలతో మూసేశారు.
ఇప్పుడది తలుపు కన్నా మూడు జానలు వెడల్పు,
లిఫ్టు మోయగలిగినదానికి రెండింతల బరువు.
టేపు పట్టుకొచ్చిన కుర్రాడు మూడుసార్లు కొలిచి
నాకేసి చూశాడు,
బిడ్డ అడ్డం తిరిగిందని
ఎలా చెప్పాలో తెలియని మంత్రసానిలా.

ఉత్తరం కంటే ముందే వచ్చింది వాళ్ల బ్రోషర్.
అట్ట మీద "కళాకారుల నడుమ కాపురం."
కింద నా చేతులు,
మణికట్టు దాకా మట్టితో, చక్రం మీద.
ముఖం కత్తిరించారు.
నా చేతులకి రెండు పడకగదులూ ఒక బాల్కనీ ఉన్నాయని
అప్పుడే తెలిసింది నాకు.

తర్వాత బ్రయోనీ అనే అమ్మాయి ఫోన్ చేసింది.
గొంతు మంచిదే. నిజంగా మంచిదే.
లాబీలోకి నలభై కుండలు కావాలంది,
ఈ బిల్డింగ్ జ్ఞాపకం ఉట్టిపడాలంది.
నేను రెట్టింపు ధర చెప్పాను.
సరే అంది.
ఆ రాత్రి అన్నం కలుపుకుంటుంటే
నా మీద నాకే ఒళ్లు మండింది.
కలిపిన ముద్ద మాత్రం తిన్నాను.

కుమ్మరికి ఒక ఏడు, గుదియకు ఒక పెట్టు.
సామెత చెప్పినవాడు
గుదియ ఎవరి చేతిలో ఉంటుందో చెప్పలేదు.
శనివారం పొద్దున్నే సుత్తి నేనే పట్టుకున్నాను.
థనాసిస్ వచ్చాడు. నూర్తెన్ వచ్చింది.
డెస్మండ్ టీ తెచ్చాడు, పాలు మరిచిపోయి.
లోపలి ఇటుకలు ముప్ఫై ఏళ్ల నిప్పు తిని
ఎండిన తేనెపట్టులా తేలిగ్గా ఉన్నాయి.
వాటి మీద కారి గడ్డకట్టిన గ్లేజు చుక్కలు,
కొన్ని పచ్చ, కొన్ని నీలం,
ఆవిడ తప్పులూ నా తప్పులూ
ఏవి ఎవరివో తెలియకుండా.

ఇటుకల్ని దంచాం. జల్లించాం.
ఆ పొడి కలిపిన మట్టి ఆవంలో పగలదు,
ఏ కుమ్మరిని అడిగినా చెబుతాడు.
ఒకసారి కాలినది
ఇంకొకటి కాలేటప్పుడు పక్కన నిలబడుతుంది.

సన్‌షైన్‌లో ఒక స్నేహితురాలి ఆవం అడిగి
నలభై కుండలూ కాల్చాను.
ముప్ఫై తొమ్మిది అనుకున్నట్టే వచ్చాయి.
నలభయ్యోదాని మట్టిలో
నేను చూడనప్పుడు నూర్తెన్ ఏం గుచ్చిందో,
బూడిద రంగు ఒంటి మీద
సన్నగా, నల్లగా, కరిగిన ఇనుప గీతలు.
బ్రయోనీకి అదే నచ్చింది.
ద్వారానికి ఎదురుగా పెట్టిస్తానంది.

తాళంచెవులు అప్పగించిన రోజు వాన.
ట్రామ్ స్టాపు కప్పు కింద నలుగురం ఇరుక్కుని నిలబడ్డాం.
డెస్మండ్ గొడుగు ఉన్నా విప్పలేదు.
పైన ఈపాటికి చెక్క ఉబ్బుతూ ఉంటుంది,
సూదులు లేస్తూ ఉంటాయి.
నూర్తెన్ సంచిలో చెయ్యి పెట్టి
అయస్కాంతం ఉందో లేదో చూసుకుంది.